హుగ్లీ తీరాన ఒక తీర్థం

తీర్థం అనే మాటను మనం పలు అర్థాలలో వాడుతుంటాం. అర్చకుడు అరచేతిలో పోసే మూడు ఉద్ధరిణుల నీరు తీర్థం. కాశీ, పూరీ, రామేశ్వరం తీర్థాలు. ఉత్తరాంధ్ర పల్లెలలో ఏటేటా జరిగే జాతరను కూడ తీర్థమనే అంటారు. నిఘంటువు విప్పి చూస్తే వీటన్నిటికంటె ప్రాచీనమైన అర్థం మరొకటి కనిపిస్తుంది. తీర్థమంటే రేవు. ఏటిని దాటగోరినవాడు నీటిలోనికి దిగేచోటు. తరించటం, తరణం అనే మాటలకు మూలమైన ధాతువే దీనికీ మూలం. దాటించేది తీర్థం. మొదట ఏటిని, తరువాత సంసారాన్ని.

రేవుగా పుట్టి, రేవు చేయవలసిన పని చేయలేక, అందుచేతనే తీర్థమైన ఊరు ఒకటి మన దేశంలో ఉన్నది. అది కోల్‌కతా నగరానికి నైరుతి దిశగా సుమారు 25 కిలోమీటర్ల దూరంలో, హుగ్లీ నది తూర్పుగట్టున ఉన్న బజ్‌బజ్. సియాల్దా స్టేషనులో లోకల్ రైలు ఎక్కినవారు గంట ప్రయాణంలో అక్కడికి చేరుకుంటారు. జనపనార మిల్లులు, చమురు నిలువచేసే పెద్ద పెద్ద ట్యాంకులు, నిత్యం కిక్కిరిసిన బజారు, ఇదీ ఆ ఊరి వాలకం. బంగారు గోపురం లేదు. అమృతసరస్సు లేదు. స్టేషను సమీపాన, సిక్కులు ధరించే కృపాణం ఆకారంలో ఆకాశం వైపు లేచిన ఒక స్మారకస్తంభం మాత్రం ఉన్నది. ఏటా సెప్టెంబరు 29వ తేదీన తలపాగాలు ధరించిన యాత్రికులు దాని ఎదుట తలలు వంచి నిలబడతారు. ఆ రోజున వారు తలచుకునేది ఒక ఓడను, ఆ ఓడ దిగి నగరానికి నడిచిపోదలచినవారిని, వారు వెంట తీసుకువెళ్ళిన గ్రంథాన్ని.

గురువులు నడిచిన తూర్పు దారి

సిక్కులు అనగానే మన మనస్సు పంజాబుకు పరుగెత్తుతుంది. కాని వారి పుణ్యస్థలాల పటం భారతదేశమంతటి వైశాల్యం కలది. పదవ గురువైన గురు గోవింద సింగ్ 1666లో గంగాతీరాన పాట్నాలో జన్మించారు. 1708లో గోదావరీ తీరాన నాందేడ్‌లో దేహం చాలించారు. ఆ నాందేడ్ 1948 వరకు నిజాం రాజ్యంలోనిది. అక్కడ పారే గోదావరియే దిగువన బాసరను, ధర్మపురిని, భద్రాద్రిని తాకుతూ వస్తుంది. పంజాబు పాలకుడు మహారాజా రంజిత్ సింగ్ 1830ల దశకంలో అక్కడ గురుద్వారా నిర్మింపజేశాడు. దాదాపు అదే కాలంలో నిజాం కొలువులోనికి సిక్కు సైనికులు వచ్చారు. వారి సంతతివారు హైదరాబాదులో నేటికీ ఉన్నారు. 1699లో గురు గోవింద సింగ్ ఖాల్సాను స్థాపించినప్పుడు మొట్టమొదట శిరస్సు అర్పించటానికి ముందుకు వచ్చిన ఐదుగురిలో ఒకరు బీదర్ వాస్తవ్యుడనీ, మరొకరు పూరీ జగన్నాథం నుంచి వచ్చినవాడనీ సిక్కు సంప్రదాయం చెబుతుంది. అనగా తెలుగునేలకు పడమటి పొరుగునా, ఉత్తరపు పొరుగునా కూడ ఆ ధర్మానికి వేళ్ళు ఉన్నవన్నమాట.

వంగదేశం సంగతీ అంతే. గురు నానక్ పదహారవ శతాబ్ది ప్రారంభంలో తూర్పు దేశాలకు చేసిన యాత్రలో హుగ్లీ తీరాన ఆగారని భక్తుల విశ్వాసం. తొమ్మిదవ గురువు తేగ్ బహదూర్ 1660ల దశకంలో ఢాకా, అస్సాం ప్రాంతాలు సంచరించటం చరిత్ర. పాట్నాలో కుమారుడు జన్మించిన సమయంలో ఆయన తూర్పు యాత్రలోనే ఉన్నారు. కోల్‌కతాలో అత్యంత రద్దీ అయిన వ్యాపారకేంద్రం బడాబజారులో బడా సిఖ్ సంగత్ అనే ప్రాచీన గురుద్వారా ఉన్నది. ఈ ఇద్దరు గురువుల పాదస్పర్శ పొందిన స్థలమని దానికి ప్రతీతి. బట్టల మూటలు మోసే కూలీల కేకల నడుమ, ఇరుకు సందులలో, ఆ మందిరంలో గ్రంథపఠనం సాగుతూ ఉంటుంది.

ఒక విషయాన్ని ఇక్కడ గమనించాలి. తీర్థాలలో మునిగినంత మాత్రాన మనోమాలిన్యం పోదని బోధించినవారు గురు నానక్. అందుచేత సిక్కు ధర్మంలో స్థలమాహాత్మ్యం నీటిని బట్టి గాని శిలను బట్టి గాని ఏర్పడదు. అక్కడ ఎవరు ఏమి చేశారు, ఏమి భరించారు అనేదాన్ని బట్టి ఏర్పడుతుంది. గురు గోవింద సింగ్ చిన్న కుమారులిద్దరూ ప్రాణాలు అర్పించిన సర్‌హింద్, పెద్ద కుమారులిద్దరూ యుద్ధంలో నేలకొరిగిన చమ్‌కౌర్ పుణ్యస్థలాలైన తీరు ఇదే. బజ్‌బజ్ ఈ వరుసలో చేరటానికి కారణమైన కథ మటుకు వంగదేశంలో ఆరంభం కాలేదు. పసిఫిక్ మహాసముద్రం ఆవలి ఒడ్డున, ఒక చట్టంలోని ఒక వాక్యంతో ఆరంభమైంది.

కూలీకి తెరిచి, మనిషికి మూసిన తలుపు

1904, 1908 సంవత్సరాల మధ్య సుమారు 5,000 మంది భారతీయులు కెనడా పశ్చిమ తీరానికి వెళ్ళారు. వారిలో అత్యధికులు పంజాబీ సిక్కులు. కొందరు బ్రిటిష్ సైన్యంలో పనిచేసి వచ్చినవారు. రంపపు మిల్లులలోను, రైలుమార్గాల నిర్మాణంలోను చేరారు. తెల్లజాతి కార్మికులలో అసహనం పెరిగింది. భారతీయులు రావద్దు అని చట్టం చేయటానికి కెనడా ప్రభుత్వానికి ఒక చిక్కు ఉన్నది. వారూ బ్రిటిష్ చక్రవర్తి ప్రజలే, వీరూ బ్రిటిష్ చక్రవర్తి ప్రజలే. ఒకే ఏలికకు చెందిన ప్రజలలో ఒకరిని బాహాటంగా నిషేధిస్తే సామ్రాజ్యం పరువు పోతుంది.

అప్పుడు పుట్టింది 1908 నాటి నిబంధన. జన్మించిన దేశం నుంచి ఎడతెగని ప్రయాణంలో, ముందుగా కొన్న ఒకే టిక్కెట్టుతో వచ్చినవారిని మాత్రమే దిగనివ్వవచ్చునని దాని సారాంశం. చదివితే ఎవరి పేరూ ఉండదు. కాని భారతదేశం నుంచి కెనడాకు అలా నేరుగా నడిచే ఓడ అందుబాటులో లేదు. దారిలో హాంకాంగులోనో, జపానులోనో ఓడ మారవలసిందే. మారితే ప్రయాణం తెగినట్లే. పైగా ఆసియావాసి అయితే చేతిలో 200 డాలర్లు చూపాలి. ఏ జాతి పేరూ ఎత్తకుండ ఒక జాతిని ఆపగల వాక్యం అది. భాషతో పని ఉన్నవారెవరైనా దాని పొందికను చూసి నివ్వెరపోవలసిందే.

అదే కాలంలో కలకత్తా రేవులో మరొక దృశ్యం కనిపించేది. బజ్‌బజ్‌కు ఎగువన గార్డెన్ రీచ్ ప్రాంతపు డిపోల నుంచి ఒప్పందపు కూలీలను ఓడలకెత్తి ఫిజీకి, ట్రినిడాడుకు, గయానాకు పంపుతూ ఉండేవారు. మద్రాసు రేవు నుంచి మన తెలుగువారు, తమిళులు 1860 మొదలుకొని నేటాల్ చెరకుతోటలకు, ఇరవయ్యవ శతాబ్ది ఆరంభంలో ఫిజీకి అదే ఒప్పందం మీద వెళ్ళారు. గంజాం, విశాఖపట్నం మండలాల బీదజనం బర్మాకు వలసపోయారు. హుగ్లీ ఒడ్డున టిటాగఢ్ వంటి చోట్ల జనపనార మిల్లులలో చేరి అక్కడే స్థిరపడ్డారు. ఒప్పందపు కూలీగా వేలిముద్ర వేసినవానికి సామ్రాజ్యంలోని ఏ తోటకైనా దారి ఉన్నది. సొంత డబ్బుతో టిక్కెట్టు కొని, నేనూ ఈ సామ్రాజ్యపు పౌరుణ్ణేనని వచ్చినవానికి దారి లేదు. ఈ తేడాను అందరూ చూడగలిగేటట్లు బయటపెట్టదలచినవాడు బాబా గుర్దిత్ సింగ్.

గురు నానక్ నౌక

అమృత్‌సర్ జిల్లా సర్‌హాలీ గ్రామానికి చెందిన గుర్దిత్ సింగ్ సింగపూరు, మలయా ప్రాంతాలలో వ్యాపారం చేసి ధనం గడించిన వ్యక్తి. 1914లో హాంకాంగులో ఒక జపాను స్టీమరును అద్దెకు తీసుకున్నాడు. 1890లో స్కాట్లండులోని గ్లాస్గోలో తయారైన ఆ ఓడ యజమానులు మారినప్పుడల్లా పేరు మార్చుకుంటూ వచ్చింది. జపాను యజమానుల చేతిలో దాని పేరు కొమగాటా మారు. గుర్దిత్ సింగ్ దాన్ని గురు నానక్ జహాజ్ అని పిలిచాడు. లోపల ఒక గదిలో గురు గ్రంథసాహిబును ప్రతిష్ఠించారు. ప్రయాణికులకు ఆ ఓడయే గురుద్వారా.

1914 ఏప్రిల్ 4వ తేదీన హాంకాంగులో బయలుదేరి, షాంఘై, మోజీ, యొకొహామా రేవులలో మరికొందరిని ఎక్కించుకొని, మే 23వ తేదీన ఓడ వాంకూవరు చేరుకున్నది. అప్పటికి ప్రయాణికులు 376 మంది. అధికసంఖ్యాకులు సిక్కులు. ముస్లిములు, హిందువులు కూడ ఉన్నారు. కెనడా అధికారులు ఓడను ఒడ్డుకు రానివ్వలేదు. ఒడ్డు కనిపిస్తూనే ఉన్నది. అక్కడ అప్పటికే స్థిరపడిన భారతీయులు గురుద్వారాలో సమావేశమై, చందాలు పోగుచేసి, ఓడ అద్దె బకాయి చెల్లించారు, వకీలును పెట్టారు. మున్షీ సింగ్ అనే ప్రయాణికుని పేర నడిచిన వ్యాజ్యంలో జూలై 6వ తేదీన న్యాయస్థానం ప్రభుత్వ పక్షాన తీర్పు చెప్పింది. జూలై 19వ తేదీన పోలీసులతో నిండిన ఒక చిన్న ఓడ బలవంతంగా వారిని లొంగదీయటానికి వచ్చింది. ప్రయాణికులు చేతికందిన బొగ్గుపెళ్ళలతో దాన్ని తరిమివేశారు. చివరికి యుద్ధనౌకను దించవలసి వచ్చింది. అంతకుముందే కెనడాలో నివాసం ఉండి తిరిగివచ్చిన సుమారు రెండు డజన్ల మందిని తప్ప తక్కినవారినందరినీ, సరిగ్గా రెండు నెలలు నీటిమీద ఉంచి, జూలై 23వ తేదీన వెనుకకు పంపివేశారు.

ఈ వ్యవహారంలో విలియం హాప్కిన్‌సన్ అనే వ్యక్తి పాత్ర చెప్పుకోదగ్గది. అతడు అంతకుముందు కలకత్తా పోలీసు శాఖలో పనిచేసినవాడు. భారతీయ భాషలు తెలిసినవాడని వాంకూవరులో వలస శాఖ అతనికి దుబాసీ పదవి ఇచ్చింది. పగలు అనువాదం, మిగిలిన వేళలలో గూఢచర్యం అతని పని. రెండు భాషల మధ్య వంతెనగా ఉండవలసినవాడు ఒక ఒడ్డున కాపలాదారు అయితే ఏమవుతుందో అతని జీవితం చెబుతుంది. 1914 అక్టోబరులో వాంకూవరు న్యాయస్థాన భవనంలోనే మేవా సింగ్ అనే సిక్కు అతనిని కాల్చిచంపాడు. 1915 జనవరిలో మేవా సింగ్‌కు ఉరిశిక్ష అమలైంది.

1914 సెప్టెంబరు 29

ఓడ తిరుగుదారిలో ఉండగా ఆగస్టులో ప్రపంచయుద్ధం మొదలైంది. సామ్రాజ్యానికి ఇప్పుడు ప్రతి ఓడా అనుమానాస్పదమే. దిగుదామంటే హాంకాంగులోను, సింగపూరులోను అనుమతి దొరకలేదు. విదేశాల నుంచి వచ్చేవారిని నిర్బంధించటానికి వీలుగా సెప్టెంబరు 5వ తేదీన భారత ప్రభుత్వం ఒక ఆర్డినెన్సు జారీచేసింది. సెప్టెంబరు చివరి వారంలో హుగ్లీ ముఖద్వారానికి ఎగువన కుల్పీ వద్ద ఓడను ఆపి, సోదాలు జరిపి, 29వ తేదీన కలకత్తాకు కాక బజ్‌బజ్‌కు తెచ్చి కట్టారు.

బజ్‌బజ్‌కు చరిత్ర కొత్త కాదు. 1756 డిసెంబరులో, సిరాజుద్దౌలా వశమైన కలకత్తాను తిరిగి పట్టుకొనబోతూ క్లైవు సేనలు మొదట గెలుచుకున్నది బజ్‌బజ్ కోటనే. 1897 ఫిబ్రవరిలో, పాశ్చాత్య దేశాల పర్యటన ముగించిన స్వామి వివేకానంద మద్రాసు నుంచి ఓడలో వచ్చి దిగినదీ ఈ రేవులోనే. ఆనాడు ఆయన కోసం ప్రత్యేకంగా ఒక రైలు సిద్ధంగా ఉన్నది. సియాల్దాలో వేలాది జనం స్వాగతం పలికారు. పదిహేడేళ్ళ తరువాత అదే స్టేషనులో మరొక ప్రత్యేక రైలు సిద్ధంగా ఉన్నది. ఇది స్వాగతానికి ఉద్దేశించింది కాదు. ఓడ దిగినవారిని కలకత్తా ముఖం చూడనివ్వకుండ తిన్నగా పంజాబుకు తరలించటానికి.

ఓడలో అప్పటికి ఉన్నవారు సుమారు 320 మంది. వారిలో 60 మంది వరకు రైలు ఎక్కారు. తక్కినవారు నిరాకరించారు. తమకు పని కలకత్తాలోనే ఉన్నదన్నారు. తాము అంతకాలం సేవించిన గ్రంథసాహిబును నగరంలోని గురుద్వారాకు చేర్చాలి, గవర్నరుకు తమ మొర వినిపించాలి, తరువాత సంగతి తరువాత. ఈ కోరికను కేవలం సాకుగా భావించటం అప్పటి అధికారులకు సులభమైంది. కాని సిక్కులకు అది పుస్తకం కాదు. 1708లో నాందేడ్‌లో గురు గోవింద సింగ్ తన తరువాత మానవులలో గురువు ఉండడనీ, గ్రంథమే గురువనీ ప్రకటించారు. నాటినుంచి అది సజీవ గురువు. ఆరు నెలలు సముద్రం మీద తమతో ప్రయాణం చేసిన గురువును రేవులో దిక్కులేకుండ విడిచి రైలెక్కటం వారికి ఊహకందని పని.

గ్రంథాన్ని శిరస్సున ఉంచుకొని, కీర్తనలు పాడుకుంటూ, వారు కలకత్తా దారి పట్టారు. కొన్ని మైళ్ళు నడిచారు. నగరం నుంచి పోలీసు కమిషనరు హాలిడే, ఇతర అధికారులు, సైనికదళం ఎదురువచ్చి వారిని వెనుకకు మళ్ళించారు. చీకటిపడే వేళకు బజ్‌బజ్ స్టేషను దగ్గరి రైల్వే గేటు వద్దకు తిరిగి చేరుకున్నారు. గ్రంథసాహిబును మధ్య ఉంచుకొని చుట్టూ కూర్చున్నారు. అక్కడ పెనుగులాట మొదలైంది. ప్రయాణికులే ముందు కాల్పులు జరిపారని ప్రభుత్వ కథనం. కూర్చొని ఉన్నవారి మీద దౌర్జన్యం చేసినది పోలీసులేనని బ్రతికి బయటపడినవారి కథనం. ఫలితం విషయంలో మాత్రం వివాదం లేదు. సైనికుల తుపాకులు పేలాయి. ప్రయాణికులలో సుమారు 20 మంది చనిపోయారు. పోలీసు అధికారులలోను, స్థానికులలోను కూడ కొందరు మరణించారు. సుమారు 200 మంది జైలుపాలయ్యారు. అనేకులను యుద్ధం ముగిసేవరకు సొంత గ్రామాలు దాటి పోనివ్వలేదు. గుర్దిత్ సింగ్ ఆ చీకటిలో తప్పించుకున్నాడు.

రేవు దాటించలేదు. పడవ దిగిన గట్టునే వారి యాత్ర ఆగిపోయింది.

దొమ్మీ అనే మాట

సర్ విలియం విన్సెంటు అధ్యక్షతన విచారణ సంఘం ఒకటి ఏర్పాటైంది. బర్ద్వాన్ మహారాజు అందులో ఒక సభ్యుడు. ఆ సంఘం నెపమంతా ప్రయాణికుల మీద మోపింది. నాటి సర్కారు కాగితాలలోను, ఆంగ్ల పత్రికలలోను ఈ ఘటనకు ఒక పేరు స్థిరపడింది. ఆ ఆంగ్లపదానికి మన కోర్టులు ఎప్పటినుంచో వాడుతున్న తెలుగు మాట దొమ్మీ. బజ్‌బజ్ దొమ్మీ.

ఒక్క మాట ఎంత పని చేయగలదో ఆలోచించండి. దొమ్మీ అనగానే అల్లరిమూక కళ్ళముందు నిలుస్తుంది. అల్లరిమూకకు కోరిక ఉండదు, గమ్యం ఉండదు, వినవలసిన మొర అసలే ఉండదు. శాంతిభద్రతలను కాపాడినవారు ఒక వైపు, చెడగొట్టినవారు మరొక వైపు. ఇంతటితో కథ ముగుస్తుంది. తల మీద గ్రంథం పెట్టుకొని కీర్తన పాడుతూ నడిచినవారి ఊరేగింపు ఆ మాటలో ఇమడదు. అందుచేత అది కాగితాలలోనికి ఎక్కదు. కెనడావారి ఎడతెగని ప్రయాణం అనే మాట ఒక జాతిని ఆపింది. కలకత్తావారి దొమ్మీ అనే మాట ఆ జాతి చెప్పుకోగల కథను ఆపింది. ఆయుధం ఒక్కటే.

కాని కథలు ఆగవు. అమెరికా పశ్చిమ తీరంలో 1913లో ఏర్పడిన గదర్ పార్టీకి ఈ ఓడ రగిలిన కాగడా అయింది. కొమగాటా మారు పేరు విని విదేశాలలో ఉన్న పంజాబీలు వందలాదిగా స్వదేశానికి తిరిగివచ్చి తిరుగుబాటు ప్రయత్నాలలో చేరారు. ఆ పార్టీలో మన తెలుగువాడొకడు ఉన్నాడని నేటి తరంలో చాలమందికి తెలియదు. కనిగిరి ప్రాంతంవాడైన దరిశి చెంచయ్య చదువుకోసం కాలిఫోర్నియా వెళ్ళి, గదర్ విప్లవకారులతో కలిసి, తరువాత కారాగారవాసం అనుభవించాడు. ఆయన ఆత్మకథ ‘నేనూ నా దేశం’ తెలుగులో ఆ ఉద్యమానికి ప్రత్యక్షసాక్ష్యం. ఓడ కథను పంజాబీల సొంత వ్యవహారమనుకునేవారు ఒకసారి చెంచయ్య పేరు తలచుకోవాలి.

గుర్దిత్ సింగ్ ఏడేళ్ళు అజ్ఞాతంలో గడిపాడు. గాంధీజీ సలహాపై 1921 నవంబరులో, గురు నానక్ జన్మస్థలమైన నన్‌కానా సాహిబులో, వేలాది భక్తుల సమక్షంలో లొంగిపోయాడు. తన యాత్రను గురించి తానే పుస్తకం రాశాడు. దానికి ఆయన పెట్టిన ఆంగ్లనామంలో విదేశాలలో భారతీయుల దాస్యం అన్న మాట ఉన్నది. సర్కారు దొమ్మీ అన్నదానికి ఆయన దాస్యం అని మారుమాట చెప్పాడు. పేరు పెట్టే హక్కు ఎవరిది అనే తగాదా అప్పటినుంచి శతాబ్దంపాటు సాగింది.

పేరు తిరిగివచ్చిన తీరు

స్వాతంత్ర్యం వచ్చిన తరువాత బజ్‌బజ్‌లో స్మారకం లేచింది. 1952 జనవరి 1వ తేదీన ప్రధాని జవహర్‌లాల్ నెహ్రూ దాన్ని ఆవిష్కరించారు. గుర్దిత్ సింగ్ అప్పటికి జీవించే ఉన్నాడు. ఆయన 1954లో కన్నుమూశాడు. తుపాకి గుళ్ళకు గురియైనవారు దొమ్మీదారులు కారు, అమరులు అని సొంత ప్రభుత్వమే చెప్పటాన్ని ఆయన చూడగలిగాడు. గుర్దిత్ సింగ్ తరంవారిలో అంత అదృష్టం దక్కినవారు కొద్దిమంది.

మిగిలిన పనికి ఇంకా కాలం పట్టింది. 2013లో బజ్‌బజ్ రైల్వే స్టేషనుకు కొమగాటా మారు బజ్‌బజ్ అని నామకరణం చేశారు. శతాబ్ది సందర్భంగా 2014లో భారత ప్రభుత్వం స్మారక నాణేలు విడుదల చేసింది. కెనడాలో జరిగినది మరింత ఆలోచింపదగినది. 2008లో అప్పటి ప్రధాని హార్పరు ఒక ఉద్యానవనంలో జరిగిన ఉత్సవంలో క్షమాపణ చెప్పారు. అక్కడి సిక్కులలో చాలమంది దాన్ని అంగీకరించలేదు. మాట సరిపోయింది, చోటు సరిపోలేదన్నారు. మమ్మల్ని ఆపిన చట్టం పార్లమెంటు అధికారంతో నిలిచినది, క్షమాపణ కూడ పార్లమెంటులోనే పలకాలి, దాని కార్యక్రమాలలో నమోదు కావాలి అని పట్టుబట్టారు. 2016 మే 18వ తేదీన ప్రధాని ట్రూడో కెనడా పార్లమెంటు దిగువసభలో నిలబడి క్షమాపణ చెప్పారు. ఓడ వెనుదిరిగి అప్పటికి 102 సంవత్సరాలు.

అది ఉత్త పట్టుదల కాదా, పోయినవారు తిరిగివస్తారా అని కొందరు అడగవచ్చు. తిరిగిరారు. కాని కాగితం మీద అబద్ధంగా రాసిన మాటను కాగితం మీదనే దిద్దాలి. ఎక్కడో సభలో, చప్పట్ల మధ్య చెప్పిన మాట గాలికి పోతుంది. ప్రభుత్వాల రికార్డులోనికి ఎక్కిన మాటను రేపటి చరిత్రకారుడు, రేపటి అనువాదకుడు, రేపటి పాఠ్యపుస్తకం రాసేవాడు చదువుతారు. దొమ్మీ అని చదివితే దొమ్మీ అనే రాస్తారు. సిక్కులు ఒక పదం కోసం వందేళ్ళు ఎదురుచూచినది ఇందుకే.

బజ్‌బజ్ చూడబోయేవారికి ఈ సంగతులు తెలిసి ఉండటం అవసరం. తెలియనివారికి అక్కడ చూడదగినది పెద్దగా కనిపించదు. అమృత్‌సర్ వెళ్ళినవారికి స్వర్ణమందిరం తనను తానే వివరించుకుంటుంది. నాందేడ్‌లో దీపాలంకృతమైన తఖ్తు, పాట్నాలో పాలరాతి మందిరం కళ్ళను కట్టిపడవేస్తాయి. బజ్‌బజ్‌లో ఉన్నది నది, రైలుపట్టాలు, ఒక స్తంభం. తక్కినది చూడవచ్చినవారు తమ వెంట తెచ్చుకోవాలి. సెప్టెంబరు చివర హుగ్లీ నీరు ఇంకా బురదరంగులోనే ఉంటుంది. వానలు వెనుకపట్టే కాలం. సూర్యాస్తమయం తొందరగానే అవుతుంది. ఆ వేళ రైల్వే గేటు దగ్గర నిలిచినవారికి, నగరం ఇంత దగ్గరలో ఉండి కూడ వారికి ఎంత దూరమైందో అర్థమవుతుంది.

కోల్‌కతా సిక్కు కుటుంబాలలో అనేకులు ఈ నగరానికి వచ్చినది ఆ సంఘటన తరువాతి దశాబ్దాలలోనే. భవానీపూర్ ప్రాంతంలో నివాసాలు ఏర్పరచుకొని, టాక్సీలు, బస్సులు, లారీలు నడిపారు. ఆనాడు నడిచి నగరంలోనికి రానీయని మనుషుల జాతివారే నగరాన్ని ఈ మూల నుంచి ఆ మూలకు చేరవేసే సారథులయ్యారు. ఎవరూ ఉద్దేశించి చేసిన ప్రతీకారం కాదు ఇది. బ్రతుకుతెరువు. కాని ఏ ప్రతీకారానికీ ఇంత హుందాతనం ఉండదు.

ప్రతి ఉదయం బజ్‌బజ్ నుంచి వేలాదిమంది ఉద్యోగులు, కూలీలు, విద్యార్థులు సియాల్దా రైలెక్కుతారు. వారిలో చాలమందికి ఆ ఓడ కథ తెలియకపోవచ్చు, తెలిసినా తలచుకునే తీరిక ఉండకపోవచ్చు. స్టేషను పలక మీద మాత్రం ఏ సామ్రాజ్యమూ ఒడ్డుకు రానివ్వని ఓడ పేరు పెద్ద అక్షరాలలో ఉన్నది. ఆ పలక పక్కనుంచే రైలు కదులుతుంది. 1914లో నడిచి వెళ్ళనీయని దారిన, ఎవరి అనుమతీ అడగకుండ, కోల్‌కతాకు సాగిపోతుంది.